మా ఒజిబ్వే బావ

మా బావ పోయాడని మొన్న శుక్రవారం పొద్దున్నే ఫోను వచ్చింది. ఫోను పెట్టేసి నేను చేసిన మొదటి పని అలమర తెరవడం. పాత లుంగీలో కలరా ఉండలు వేసి చుట్టిపెట్టిన మూట తీసి విప్పాను. లోపల రెండు చేతితొడుగులున్నాయి. బీవర్ అని చలిదేశాల్లో ఉండే నీటిజంతువు తోలుతో కుట్టినవి. లోపలంతా దట్టమైన బొచ్చు. వాటిని రెండు చేతులకీ తొడుక్కుని కింది మంచం అంచున కూర్చున్నాను. బయట జూన్ నెల ఎండ. దోహాలో మేముండే నజ్మా సందుల్లో పిల్లులు ఏసీ నీళ్ళు కారేచోట పడుకుని, మనిషి తొక్కబోయినా లేవని కాలం.

రాజేశం అన్న స్నానానికి లేచి, నన్ను చూసి ఆగిపోయాడు. ఆయనది జగిత్యాల వైపు. సైట్లలో పరంజాలు కట్టే పని. ఈ గదిలో నాకు పై మంచం, ఆయనకి కింది మంచం.

"ఏందే తమ్మీ, సలి పెడుతున్నదా?" అన్నాడు.

"బావ పోయాడన్నా."

"ఏ బావ? మీ ఊరి బావనా?"

"కాదు. మన బావ."

అన్న తువ్వాలు భుజాన వేసుకుని నా పక్కన కూలబడ్డాడు. 

మన బావ అంటే కెనడా మనిషి. తండ్రి వైపు ఫ్రెంచి, తల్లి వైపు ఒజిబ్వే. ఒజిబ్వేలంటే అక్కడి పెద్ద సరస్సుల ఒడ్డున, తెల్లవాళ్ళు రాకముందు నుంచీ ఉన్న జనం. ఈయన దోహాలో ఒక సాంకేతిక కాలేజీలో వెల్డింగ్ నేర్పేవాడు. నేను ఆ కాలేజీ వ్యాన్ డ్రైవర్ని. మాది యానాంకి ఎదురుగా గోదావరి ఇవతల లంక. మా ఇద్దరికీ చుట్టరికం ఎలా కుదిరిందంటే, అదంతా ఆయన చలవే. నేను చేసిందల్లా బండి రోడ్డు పక్కన ఆపడం.

మొదటిరోజే ఆయన అల్ ఘర్రాఫాలో విల్లా ముందు వ్యాన్ ఎక్కుతూ, వెనక సీట్లన్నీ ఖాళీగా ఉంటే వదిలేసి ముందుకొచ్చి నా పక్కన కూర్చున్నాడు. పెద్ద విగ్రహం. తెల్లజుట్టు వెనక్కి దువ్వి పిలక కట్టేవాడు. కూర్చోగానే జేబులోంచి పిప్పరమెంటు తీసి నోట్లో వేసుకుని, "కాలేజీ ఎంత దూరం?" అన్నాడు. కిలోమీటర్లు చెప్పాను. ఆయనకి నచ్చలేదు. వాళ్ళ తాతల కాలంలో సరస్సుల మీద పడవలు నడిపేవాళ్ళు దూరాన్ని పొగాకు గొట్టాల్లో చెప్పేవారట. ఒకసారి ఆగి గొట్టం కాల్చి, మళ్ళీ గొట్టం కాల్చడానికి ఆగేదాకా తెడ్డు వేస్తే అది ఒక గొట్టం దూరం. ఈయనకి డాక్టరు పొగ మాన్పించాడు కాబట్టి పిప్పరమెంటులోకి దిగాడు. మామూలుగా కాలేజీ ఒక పిప్పరమెంటు దూరం, ట్రాఫిక్ ఉంటే రెండు. ఎయిర్‌పోర్టు ఎంత దూరమని ఎవరైనా అడిగితే ఇప్పటికీ నా నోటికి పిప్పరమెంటు లెక్కే ముందు వస్తుంది.

ఆయన మాట్లాడేది ఇంగ్లీషే. మధ్యలో యల్లా, మాఫీ లాంటి అరబ్బు ముక్కలు, నా దగ్గర నేర్చిన రెండు మూడు తెలుగు మాటలు. అయినా ఆయన మాటలన్నీ నాకు తెలుగులోనే గుర్తున్నాయి. ఎందుకో చెప్పలేను.

ఆయనకి ఇంకో అలవాటుండేది. ఎవర్ని ఏ చిన్న పని అడగాలన్నా ముందు ఏదో ఒకటి చేతిలో పెట్టందే అడిగేవాడు కాదు. ఏసీ కొంచెం తగ్గించమనడానికి కూడా బండి ఆపించి కరక్ చాయ్ కొని నా చేతికిచ్చేవాడు. ఏం కావాలి సార్ అంటే, "ముందు తాగు" అనేవాడు. తాగాక చెప్పేవాడు, ఏసీ తగ్గించమని. కాలేజీ గేటు దగ్గర సెక్యూరిటీ అతను అన్ని బళ్ళనీ ఆపి, అద్దం దింపించి, సీట్ల కింద కూడా చూసేవాడు. బావ రెండు వారాలు చాయ్ ఇచ్చాడు, ఏమీ అడగలేదు. ఆ తర్వాత మా వ్యాన్ కనిపిస్తే చాలు, గేటు దానంతటదే లేచేది. ఇది లంచం కాదా సార్ అన్నాను ఒకసారి. "లంచం పని కోసం ఇస్తారు. ఇది మనిషి కోసం" అన్నాడు. నాకు తేడా పూర్తిగా అర్థం కాలేదు కానీ చాయ్ మాత్రం వదులుకోలేదు.

ఇంక ఆయన ఇంట్లో గోడకి ఒక బీవర్ తోలు, గుండ్రటి చట్రానికి బిగించి ఉండేది. దానికోసం విల్లాలో ఏసీ రాత్రింబవళ్ళు తిరిగేది. ఊడవడానికొచ్చే కడప ఆవిడ ఆ గది గడప దాటేది కాదు. "ఆ జంతువు నన్నే చూస్తాంది" అనేది. తలే లేని జంతువు ఎలా చూస్తుందమ్మా అంటే, "అదే గదా నాయనా భయం" అనేది.

చుట్టరికం కలిసిన రోజు నేను వ్యాన్ నడుపుతూ స్పీకర్లో మా మేనమామ కొడుకుతో మాట్లాడుతున్నాను. మాట్లాడ్డమంటే తిట్టుకోవడం. వాడు నా బట్టతల గురించి, నేను వాడి పొట్ట గురించి. ఫోను పెట్టగానే ఈయన కంగారుగా అడిగాడు.

"ఎవరితో గొడవ?"

"గొడవ కాదు సార్. మా బావ."

"బావ అంటే?"

మా అమ్మ తమ్ముడి కొడుకు అన్నాను. మీ నాన్న తమ్ముడి కొడుకునీ ఇలాగే తిడతావా అన్నాడు. అయ్యో, వాడు తమ్ముడు సార్, తమ్ముణ్ణి అలా అనకూడదు అన్నాను. మీ నాన్న అక్క కొడుకో? వాడూ బావే, తిట్టొచ్చు. మీ అమ్మ చెల్లెలి కొడుకు? తమ్ముడే, తిట్టకూడదు.

"బండి ఆపు" అన్నాడు.

భయపడి పక్కకి తీసి ఆపాను. ఆయన కిందకి దిగి, ఆ ఎండలో రెండు చేతులూ నడుముకి పెట్టుకుని నవ్వుతూ నిలబడ్డాడు. వాళ్ళ అమ్మమ్మ భాషలోనూ సరిగ్గా ఇంతేనట. తండ్రి అన్నదమ్ముల పిల్లలూ తల్లి అక్కచెల్లెళ్ళ పిల్లలూ తోబుట్టువులు. మేనమామ పిల్లలూ మేనత్త పిల్లలూ వేళాకోళం ఆడుకోవాల్సినవాళ్ళు. ఆడకపోతే తప్పు. ఇంగ్లీషువాడికీ ఫ్రెంచివాడికీ మాత్రం అందరూ కజిన్లేనట, మంచీ మర్యాదా తెలియని జనం అన్నాడు. తన తండ్రి తరఫువాళ్ళనే అలా అంటున్నాడని గుర్తొచ్చి మళ్ళీ నవ్వాడు.

మర్నాడు వ్యాన్ ఎక్కుతూ ఒక పొట్లం నా ఒళ్ళో పెట్టాడు. అందులో మంచి టీ పొడి, పంచదార, ఒక కొత్త తువ్వాలు.

"నన్ను బావగా ఒప్పుకో" అన్నాడు.

"మీకు మా నాన్న వయసండీ. బాబాయ్ అంటాను."

"బాబాయ్ అంటే తండ్రిలాంటివాడు. నువ్వు నన్ను ఏడిపించలేవు. ఈ ఊళ్ళో అందరూ నన్ను సార్ అంటారు. ఒక్కడూ వెక్కిరించడు. నాకు అదే పెద్ద లోటు."

అప్పుడు చెప్పాడు వాళ్ళ కథ. పూర్వం ఫ్రెంచి కుర్రాళ్ళు బొచ్చుతోళ్ళు కొనడానికి ఆ సరస్సుల మీదుగా, భూర్జ చెట్టు బెరడుతో చేసిన పడవల్లో వచ్చేవారట. యూరోపులో దొరల టోపీలకి బీవర్ బొచ్చు కావాలి. కానీ ఒజిబ్వేలు చుట్టం కానివాడితో బేరం ఆడేవారు కాదు. ముందు చుట్టరికం, ఆ తర్వాతే తోలు. అందుకని వచ్చినవాడు అక్కడి పిల్లని, ఆమె అన్నదమ్ముల్ని ఒప్పించి, వాళ్ళ ఆచారం ప్రకారం పెళ్ళాడేవాడు. ఆమె మంచుజోళ్ళు కుట్టేది, వల అల్లేది, ఇరువైపుల మాటా తెలిసిన మనిషై బేరం నడిపేది. ఆమె లేకపోతే ఆ ఫ్రెంచివాడు మొదటి చలికాలమే చచ్చిపోయేవాడు అన్నాడు. ఈయన ముత్తాతకి తాత అలాంటి పెళ్ళి చేసుకున్నవాడే.

ఫ్రెంచివాళ్ళ సంగతి మాకు తెలియంది కాదు, మా ఎదురుగానే యానాం ఉంది, మా పెద్దవాళ్ళు వాళ్ళని పరాసులు అనేవారు అన్నాను.

"అయితే మా తాతలు మీ వైపు కూడా వచ్చారన్నమాట. మరి అప్పుడు మీ ఆడపిల్లల అన్నదమ్ములు ఏం చేస్తున్నట్టు?" అన్నాడు.

అదీ మొదటి వేళాకోళం. ఇక నేనూరుకుంటానా? ఆ రోజునుంచి సార్ పోయి బావ వచ్చాడు. ఆయన పిలక మీద, ఆయన పాటల మీద నాకు అడ్డే లేకుండా పోయింది. తెడ్డు వేసేటప్పుడు పాడే ఫ్రెంచి పాటలు డాష్‌బోర్డు మీద దరువేస్తూ పాడేవాడు, గొంతు మాత్రం పగిలిన కుండే. శుక్రవారాలు మా గదికి భోజనానికొచ్చి ఆవకాయ ముద్ద కలిపి తిని, కళ్ళల్లోంచి నీళ్ళు కారుతుంటే, "ఇది సంతోషం" అనేవాడు. రాజేశం అన్న మొదట్లో దూరంగా ఉండి, తర్వాత లెక్కవేసి, "నువ్వు నాకు తమ్మివి, గాయన నీకు బావ. గట్లయితే నాకు సుత బావనే గదా" అని తనూ దిగాడు. ఇద్దరం కలిసి ఏడిపిస్తే ఆయన మొహం వెలిగిపోయేది.

ఒక చలికాలం శుక్రవారం ముగ్గురం ఖతర్ ఉత్తరపు కొసన ఉన్న మదీనత్ అల్ షమాల్ వెళ్ళాం. అక్కడి చేపల రేవులో పడవలు చూడాలని ఆయన ఒకటే గొడవ. మేం ఒడ్డున చాప పరిచి బిర్యానీ విప్పేలోగా ఈయన ఒక తమిళ జాలరికి చాయ్ ఇప్పించి, కబుర్లు చెప్పి, వాడి పడవెక్కి వెళ్ళిపోయాడు. ఎంతకీ రాడు. బిర్యానీ మీద ఈగలు తోలుతూ కూర్చున్నాం. చివరికి నిక్కరు తడుపుకుని, నవ్వుకుంటూ దిగాడు. నేను ఊరుకోలేదు.

"పరాసు రక్తం కదా బావా! పడవెక్కితే మళ్ళీ వెనక్కి రావడం మీ వంశంలోనే లేదు" అన్నాను.

ఆయన నవ్వు ఆగిపోయింది. చాప చివర కూర్చుని సముద్రం వైపు తిరిగాడు.  అన్న నన్ను మోచేత్తో పొడిచాడు.

తర్వాత ఆయనే చెప్పాడు. పెళ్ళాడిన ఆ ముత్తాతకి తాత, కొన్నేళ్ళు కాపురం చేసి, ఒక వేసవిలో తోళ్ళ పడవెక్కి మాంట్రియల్ వెళ్ళాడు. తిరిగి రాలేదు. అక్కడ ఇంకో పెళ్ళి చేసుకున్నాడని కబురు మాత్రం వచ్చింది. పిల్లల్ని ఆమె అన్నదమ్ములే పెంచారు. ఈ సంగతి పట్టుకుని ఈయన మేనమామ కొడుకు, అంటే అసలు బావ, చిన్నప్పటినుంచీ ఈయన్ని పరాసువాడా అని ఏడిపించేవాడు. ఇద్దరూ ఒకే పడవలో పెరిగారు. తర్వాత ఈయన చమురు బావుల పనుల్లో దేశాలు పట్టుకు తిరిగాడు. అమ్మమ్మ పోయినప్పుడు వెళ్ళేసరికి ఆవిణ్ణి మట్టిచేసేశారు. భోజనాల దగ్గర అందరి ముందూ ఆ బావ పళ్ళెం నిండా వడ్డించి పెట్టి, "వచ్చావా పరాసువాడా, పడవ దారి తప్పిందా?" అన్నాడు.

"అది వాడి పని" అన్నాడు బావ మాతో. "మాలో చావింట్లో ఏడ్చేవాళ్ళని నవ్వించడం బావ పని. వాడు తన పని చేశాడు. నేను నా పని చెయ్యలేదు. నవ్వలేదు. పళ్ళెం అక్కడే వదిలేసి లేచొచ్చాను. మళ్ళీ ఆ ఒడ్డు తొక్కలేదు. చివరికి వాడు అన్నదే నిజం చేశాను."

వేసవికి ఆయన కాంట్రాక్టు అయిపోతుంది. ఇంటికి వెళ్ళకుండా ఒమన్‌లో ఇంకో ఉద్యోగం చూసుకున్నాడట. ఆ మాట విన్నాక రాజేశం అన్న చేతిలో ముద్ద కింద పెట్టేశాడు.

"అలిగినోడు ఎన్నొద్దులు అలుగుతడు బావా? గాయన సుత ముసలోడై ఉంటడు. పో. పోయి నాలుగు తిట్లు తిను. తిట్లు తింటే సావరు, తినకుంటనే సస్తరు" అన్నాడు.

నేను ఇంగ్లీషులో చెప్పాను. చివరి మాట సరిగా వచ్చిందో లేదో తెలియదు కానీ బావకి అందింది.

"ఉత్తచేతుల్తో ఎలా వెళ్ళను? మాలో క్షమించమని అడగాలంటే ముందు పొగాకు పెట్టాలి" అన్నాడు.

ఇక్కడి సూక్ బజారులో కొందాం అన్నాను. కొన్నది పనికిరాదట. చుట్టాల చేత్తో పండించింది కావాలట. ఈ ఎడారిలో చుట్టాల పొగాకు ఎక్కడినుంచి తెస్తాను అని అంటుండగానే నాకే తట్టింది. మాది లంక! మా లంక పొగాకు పేరు చెబితే చుట్టలు కాల్చేవాళ్ళు ఎక్కడున్నా లేచొస్తారు.

వేసవికి ముందు నేను సెలవుకి ఇంటికెళ్ళినప్పుడు బావకోసం అమ్మని పొగాకు అడిగాను.

"ఏ బావకిరా? నాకు తెలీకుండా నీకు ఇంకో బావ ఎక్కణ్ణుంచి పుట్టుకొచ్చాడు?" అంది.

కథంతా చెప్పాను. అమ్మ సగమే విని అటక మీదినుంచి కట్ట దింపించింది. ముక్కు దగ్గర పెట్టుకుని ఒక్కొక్క ఆకే ఏరింది.

"చుట్టకైతే ఏదైనా ఇద్దును. ఇది బావ కాళ్ళ దగ్గర పెట్టేది కదా. చిల్లున్న ఆకు ఇస్తే మన పరువేం కాను?" అంది.

తిరిగొచ్చాక ఆ కట్ట బావ చేతిలో పెడితే, ఆయన విప్పలేదు. మొహానికి ఆనించుకుని అలాగే నిలబడ్డాడు. తర్వాత లోపలికెళ్ళి ఈ చేతితొడుగులు తెచ్చాడు. వాళ్ళ అమ్మమ్మ కుట్టినవి. పుచ్చుకున్నాక తిరిగి ఇవ్వకపోతే చుట్టరికం కుంటుతుందన్నాడు. ఖతర్‌లో నేనివి ఎప్పుడు తొడుక్కోవాలి బావా అన్నాను. "నాకోసం చలేసినప్పుడు" అన్నాడు. అది వేళాకోళమో కాదో అప్పుడు తెలియలేదు.

ఎయిర్‌పోర్టులో దింపుతూ, "పడవ దిగగానే ఫోన్ చెయ్, పరాసువాడా" అన్నాను. ఈసారి నవ్వాడు. చాలా పెద్దగా నవ్వాడు, ట్రాలీలు తోసేవాళ్ళు కూడా తిరిగి చూశారు.

ఫోను రాలేదు. నెలలు గడిచినా రాలేదు, నేను చేస్తే కలవనూ లేదు. వెళ్ళాడా, ఒమన్‌లోనే దిగిపోయాడా అని నాకు లోపల గుబులు. పైకి మాత్రం మేమిద్దరం కూర్చుని పరాసువాడే పరాసువాడే అని తిట్టుకునేవాళ్ళం. శుక్రవారం ఆవకాయ జాడీ తీస్తే తప్పకుండా గుర్తొచ్చేవాడు.

మొన్న వచ్చిన ఫోను ఆ అసలు బావ దగ్గర్నుంచి. ముసలి గొంతు, నిదానమైన ఇంగ్లీషు. ముందు కబురు చెప్పాడు. నిద్రలోనే పోయాడట, సరస్సు కనిపించే గదిలో. వచ్చిన మొదటి వారమే ఫోను సరస్సులో పడేసుకున్నాడట. నా నంబరు మాత్రం అప్పటికే పొయ్యి పక్కన గోడమీద బొగ్గుతో రాసిపెట్టుకున్నాడట. కొత్త ఫోను కొనుక్కున్నాక నీకు చెయ్యాలని రోజూ అనేవాడు, కొనడానికి మాత్రం ఊళ్ళోకి వెళ్ళేవాడు కాదు అన్నాడు.

"పొగాకు పెట్టాడా?" అన్నాను.

"పెట్టాడు. గుమ్మంలో నిలబడి ఆ కట్ట చాపాడు.  నేను వాసన చూశాను. చూసి, 'నీ పళ్ళెం చల్లారిపోయింది, వేడిచెయ్యమంటావా?' అన్నాను."

ఆయన తనలో తను నవ్వుకుని మళ్ళీ అందుకున్నాడు. 

"ఆ రోజు నవ్వాల్సిన నవ్వు అప్పుడు నవ్వాడు. వాడితో పాటు మీ అమ్మగారి ఆకు ఒకటి పెట్టి పంపించాం. ఆవిడకి చెప్పు."

చెబుతానన్నాను. మరి ఈయన నాకు ఏమవుతాడో, నన్నూ ఇప్పుడు ఏడిపిస్తాడేమోనని చూస్తున్నాను. ఆయన ముందే లెక్క వేసుకున్నట్టున్నాడు.

"నువ్వు వాడికి బావవి. నేనూ వాడికి బావనే. కాబట్టి నువ్వు నాకు తమ్ముడివి. తమ్ముడితో వేళాకోళం ఆడకూడదు. తమ్ముడికి కబురు చెప్పాలి, అందుకే చేశాను" అన్నాడు.

ఇదంతా చెప్పేసరికి రాజేశం అన్న తువ్వాలుతో మొహం కప్పుకుని ఏడుస్తున్నాడు. కాసేపటికి తేరుకుని, "బావ పోతే తానం జెయ్యాలె గదనే" అన్నాడు. వేసవిలో మా కుళాయిల్లో వచ్చేవి మరిగే నీళ్ళు. గీజరు ఆపేసి అందులో దాచుకున్న నీళ్ళే చల్లవి. అవి ఇద్దరికీ చాలవు. సగం సగం పోసుకుని, మిగతా సగం కుళాయి నీళ్ళే ఓర్చుకుని, ఇద్దరం తలస్నానం చేశాం.

తర్వాత నేను చాయ్ పెట్టాను, ఏ మాటకైనా ముందు చాయ్ కదా ఆయన పద్ధతి. మూడు గ్లాసుల్లో పోశాను. మూడోది తొడుగుల పక్కన పెట్టాను. మేం తాగేశాం. అన్న కళ్ళు మళ్ళీ నిండుతున్నాయి. మూడో గ్లాసు వంక చూస్తూ, "బావ చాయ్ సల్లారిపోతున్నదే తమ్మీ" అన్నాడు.

ఏడ్చేవాళ్ళని నవ్వించడం ఎవరి పనో నాకు గుర్తుంది.

"చల్లారనీ అన్నా. వాళ్ళ వంశంలో టైముకి వచ్చిందెవరు? వచ్చాక వేడి చేసిద్దాం" అన్నాను.

అన్న నవ్వాడు. నేనూ నవ్వాను, కానీ గ్లాసు మాత్రం సాయంత్రం దాకా తీయలేదు.